అత్త దగ్గర ముడి నిలవదు

పొద్దున గంట కొట్టగానే ఆడవాళ్ళ జైల్లో అత్త గది ముందు వరుస తయారయ్యేది. ఒకరిది చిక్కుపడ్డ జుట్టు, ఇంకొకరిది పీటముడి పడ్డ దారపుండ, మరొకరిది తడిసి బిగిసిన మూట. అత్త ఊచల్లోంచి చెయ్యి చాపే పని కూడా లేదు. దగ్గరికొస్తే చాలు, ముడి దానంతటదే ఊడిపోయేది. ఆమె పుట్టినప్పటినుంచీ అంతే. అందుకే అందరూ బొందులకు పిన్నీసులు గుచ్చుకుని మరీ వచ్చేవారు. వార్డరమ్మ బూట్లు మానేసి చెప్పులతో తిరిగేది. జైలు ఎలాగూ అత్తారిల్లే కాబట్టి ఆమెకు అత్త అని పేరు పెట్టుకున్నారు.

అత్తకు ఉరిశిక్ష పడింది. ఇంకా తొమ్మిది రోజులున్నాయి.

ఆమె ఒక గోదాములో హమాలీలకు భోజనాలు తెచ్చేది. లోపల సరుకంతా తాళ్ళకు వేలాడుతుంది కనక పదేళ్ళుగా గేటు బయటే నిలబడి కేకేసేది. ఆ రోజు కుండపోత వాన. కొత్తగా వచ్చిన యజమాని జాలిపడి, "ఎంతసేపు తడుస్తావు, లోపలికి రా" అన్నాడు. అన్నంలోకి నీళ్ళు పోతున్నాయని అత్త రెండడుగులు వేసింది. ఆ రెండడుగులే కొంప ముంచాయి. కప్పీకి వేలాడుతున్న మూట నెత్తిన పడి ఆయన ప్రాణం పోయింది. ముందురోజే, హమాలీలకు తినే తీరిక ఇవ్వడం లేదని అత్త ఆయనతో పోట్లాడి ఉంది.

తాడు తెగలేదు, ముడి ఎవరో విప్పారు, అక్కడున్నది ఈమె ఒక్కతే అని జడ్జిగారు తేల్చేశారు. ఆయన వేరే ఊరినుంచి బదిలీ మీద వచ్చినవాడు, కూర్చునేదేమో దూరంగా, ఎత్తుమీద. సాక్షులు అడిగినదానికల్లా బుద్ధిగా జవాబు చెప్పారు. అత్త దగ్గర ముడి నిలవదని మాత్రం ఒక్కరూ అనలేదు. వానకు నేల తడుస్తుందని కోర్టుకెళ్ళి ఎవరైనా చెబుతారా? జడ్జిగారికి తెలిసే ఉంటుందని అత్త కూడా అనుకుంది.

ఆమెకు భయం లేదని కాదు. ఒంటరిగా ఉన్నప్పుడు మెడ తడుముకునేది. కూతురికి నెలలు నిండాయి, పుట్టబోయే ఆ బిడ్డను ఒక్కసారి చూడాలని ప్రాణం కొట్టుకునేది. పొద్దున్నే వరుస కనబడితే మాత్రం అన్నీ మరిచిపోయి, "రండే, జడలు పెంచడమే గానీ దువ్వడం చేతకాదు మీకు" అని అందరినీ ఆటపట్టించేది.

"తలారి ఈసారి ముడి వెయ్యడట అత్తా" అంది వార్డరమ్మ కళ్ళొత్తుకుంటూ. "తాడుకి ఇనుప బిగింపు చేయించాడు."

"పనిమంతుడే" అంది అత్త. ఆ పూట అన్నం సహించలేదు.

ఆ రోజు రానే వచ్చింది. శిక్ష వేసిన జడ్జే పక్కన నిలబడి తీర్పు చదవాలని అక్కడి నియమం. ఎండ హాయిగా ఉంది. జడ్జిగారు అత్త పక్కకి వచ్చారో లేదో బూట్ల తాళ్ళు ఊడాయి. వంగి కట్టుకున్నారు, మళ్ళీ ఊడాయి. ఈలోగా కేసు కట్టకు కట్టిన దారం ఊడి కాగితాలన్నీ ఆవరణంతా ఎగిరాయి.

"నా పక్కనుంటే లాభం లేదు బాబూ, ఆ గోడ దగ్గరికెళ్ళి కట్టుకోండి" అంది అత్త.

జడ్జిగారు వంగినవారు వంగినట్టే ఉండిపోయారు. "ఆ రోజు గోదాములో కూడా ఇంతేనా?"

"ఎక్కడైనా ఇంతేనండి."

"మరి ఒక్కరూ చెప్పలేదేం!"

"మీరు అడగలేదు కదండీ" అన్నాడు తలారి, చేతిలో బిగింపు పట్టుకుని.

జడ్జిగారు బూట్లు విప్పి చేత్తో పట్టుకున్నారు. వట్టి కాళ్ళతో తిరిగి కాగితాలు తనే ఏరుకున్నారు. తీర్పు చదవలేదు. "పొరపాటు నాదమ్మా" అని అందరి ముందూ చెప్పి, కేసు మళ్ళీ విచారించడానికి వెళ్ళిపోయారు.

వారం తిరక్కుండా అత్తను వదిలేశారు. జైలంతా గేటు దాకా వచ్చి ఆఖరిసారి చిక్కులు తీయించుకుంది.

కూతురి గుమ్మంలో అడుగు పెట్టబోతుంటే లోపలినుంచి కేక వినబడింది. "అమ్మా! అక్కడే ఆగు! పాప ఊయల్లో ఉంది, తాళ్ళ ఊయల!"

ఎత్తిన కాలు ఎత్తినట్టే ఉంచి అత్త పకపకా నవ్వింది. నవ్వుతూ నవ్వుతూనే ఏడ్చింది. కూతురు పాపను ఎత్తుకుని గుమ్మంలోకి తెచ్చి తల్లి చేతుల్లో పెట్టింది.