ఈపూరులో గేదె బేరం

బర్మా ఆకాశంలో స్పిట్‌ఫైర్ విమానం నడిపి, శత్రువు గుండ్లను తప్పించుకుని వచ్చిన ఫ్లయిట్ లెఫ్టినెంట్ ఏసోబు, యుద్ధం ముగిసిన నాలుగేళ్ళకు సొంత ఊరు ఈపూరులో ఒక గేదె బేరగాణ్ణి చూసి చెమటలు కక్కాడు.

అందులో తప్పు అతనిది కాదు. గేదెది అసలే కాదు.

బర్మాలో పక్కనే పేలిన గుండొకటి ఏసోబు ఎడమ చెవిని పాడుచేసింది. కొన్నాళ్ళు దాచుకుని నెట్టుకొచ్చాడు గాని, చివరికి డాక్టర్లు పట్టేశారు. ఇక విమానం ఎక్కకూడదన్నారు. అతని ముందు రెండు దారులు మిగిలాయి. ఒకటి, యూనిఫాం విప్పేసి ఇంటికొచ్చి, తండ్రి హెడ్‌మాస్టరుగా చేసిన మిషను బళ్ళో పిల్లలకు ఎక్కాలు చెప్పుకోవడం. రెండోది ఢిల్లీలో ఒక బ్రిగేడియర్ పిలిచి చూపించిన దారి. మిలిటరీ గూఢచారి శాఖకు మనుషులు కావాలి.

బ్రిగేడియర్ ఎక్కువ మాట్లాడలేదు. మీ ఊరికి మా మనిషి వస్తాడు, నీ సంగతులు విచారిస్తాడు, అతనెవరో నీకు తెలిసినా తెలియనట్టే ఉండాలి అన్నాడు. ఈ ముక్క మీ అమ్మ చెవిన పడినా నువ్వు మాకు పనికిరావు అని కూడా అన్నాడు.

అలా ఏసోబు సెలవు మీద ఈపూరు వచ్చాడు. తల్లి ప్రేమమ్మ జొన్నరొట్టె మీద వెన్న పెట్టి, ఈసారి విమానం ఎప్పుడెక్కుతావని రోజూ అడిగేది. అతను గోంగూర బాగుందనేవాడు. ఎవరు పలకరించినా కుడి చెవి వాళ్ళ వైపు వచ్చేట్టు మెడ తిప్పి వినేవాడు. ఆఫీసర్లు అలాగే వింటారు కాబోలనుకుని ప్రేమమ్మ మురిసిపోయింది. మేనత్త పాపమ్మ మాత్రం, మేనల్లుడికి పొగరెక్కి మెడ వంకరపోయిందని వీధిలో చెప్పింది. వినుకొండ మిషను బళ్ళో టీచరుగా ఉంటూ వేసవి సెలవులకు వచ్చిన పాపమ్మ కూతురు దయామణి అయితే, రెండో రోజు నుంచి వచ్చినప్పుడల్లా అతని కుడిపక్కనే కూర్చునేది.

ఆ వారంలోనే బొగ్గుతో నడిచే బస్సులోంచి గోపాలకృష్ణయ్య దిగాడు. తెల్లపంచె, చంకలో గొడుగు. తనది తెనాలి అనీ, పాడిగేదె కొనడానికి వచ్చాననీ చెప్పి, ఊరి సత్రంలో మూట పెట్టాడు.

ఇక్కడొక సంగతి చెప్పాలి. ఆ చుట్టుపక్కల పిల్లనిచ్చేవాళ్ళు ముందుగా తిన్నగా రారు. ఒక పెద్దమనిషిని పంపుతారు. ఆయన గేదె కోసం వచ్చానంటాడు. గేదెను చూసినట్టు చూసి, ఎవరూ ఒప్పుకోని ధర చెప్పి, ఆ తర్వాత తాపీగా ఫలానా ఇంటి కుర్రాడి గురించి కదుపుతాడు. అది గేదె బేరం కాదని ఊరందరికీ తెలుసు. తెలిసినట్టు ఎవరూ బయటపడరు. కుర్రాడి మీద ఎంత కోపమున్నా ఆ పూట మాత్రం మంచే చెబుతారు, ఎందుకంటే రేపు తమ ఇంటికీ ఒక గేదె బేరగాడు వస్తాడు. పాపం, ఢిల్లీలో కూర్చుని ఎవరికీ అనుమానం రాని వేషం ఏదా అని బుర్ర బద్దలు కొట్టుకున్నవాళ్ళకు ఈ సంగతి తెలియదు.

గోపాలకృష్ణయ్యకు మొదట తగిలినవాడు అంకారావు. ఏసోబు వాళ్ళతో అతనికి పొలం గట్టు దగ్గర తగాదా ఉంది, వినుకొండ కోర్టులో వాయిదాలు నడుస్తున్నాయి. అయినా మర్యాదగా దొడ్లోకి తీసుకెళ్ళి గేదెను చూపించాడు. వచ్చినాయన పళ్ళు చూడలేదు, పొదుగు చూడలేదు. కొమ్ములు బాగున్నాయన్నాడు. వెంటనే ఆ విమానాల కుర్రాడు తాగుతాడా అని అడిగాడు. ఎవరితో తిరుగుతాడు, ఏ పార్టీ, మాట దాచుకోగలడా అని కూడా అడిగాడు. అంకారావు తడుముకోకుండా, ఆ పిల్లాడు కాఫీ కూడా తాగడనీ, అలాంటివాడు జిల్లాలో లేడనీ చెప్పి సాగనంపి, అటునుంచి అటే ప్రేమమ్మ ఇంటికి వచ్చాడు.

"చెల్లెమ్మా, గేదె బేరం వచ్చింది మనోడికి. తెనాలోళ్ళు. చానా పెద్దింటోళ్ళలాగుండారు, పార్టీ సంగతి గూడా అడిగారు. ముందు నా నోట్లో బెల్లం పెట్టు, కోర్టు సంగతి తర్వాత చూసుకుందాం."

ప్రేమమ్మ బెల్లం తేవడానికి లోపలికి పరిగెత్తింది. ఏసోబు మాత్రం అరుగు మీద కొయ్యబారిపోయాడు. ఆడపిల్లవాళ్ళు పొలమెంత అని అడుగుతారు గాని, మాట దాచుకోగలడా అని అడగరు. పైగా ఆ పెద్దమనిషి వీధిలో నడిచి వెళ్తుంటే, పంచె కట్టినా కాళ్ళు కవాతు చేసినట్టే పడుతున్నాయి. వచ్చినవాడెవరో అతనికి తెలిసిపోయింది.

చెమటలు పట్టింది అందుకు కాదు. సందు చివర్నించి పాపమ్మ వస్తూ కనిపించింది. దయామణి పుట్టిన రోజున ఉయ్యాల మీద చెయ్యేసి, ఇది నా మేనల్లుడిదని పాపమ్మ చెప్పేసింది. ఇన్నేళ్ళూ ఆ మాట మీదే ఉంది. తన కూతురికి రావలసినవాణ్ణి తెనాలివాళ్ళు ఎగరేసుకుపోతుంటే చూస్తూ ఊరుకునే మనిషి కాదు.

"ఏందిరా, తెనాలోళ్ళొచ్చారంట?"

"గేదె కోసమేనేమో అత్తా."

"పళ్ళు చూడనోడు గేదె కోసం వచ్చాడా? నా చెవిలో పూలు గాని కనపడతన్నయ్యా నీకు? పెళ్ళోళ్ళు గాకపోతే మరెవరో చెప్పు."

ఏసోబు వంగి చెప్పు పట్టీ సరిచేసుకున్నాడు.

"పోనీ, ఆ సంబంధం నాకొద్దను. ఈ ఆదివారమే చర్చిలో మీ ఇద్దరి పెళ్ళి ప్రకటన చదివిద్దాం."

ఆ మాట అనాలని అతనికీ ఉంది. కానీ ఎగిరే ఉద్యోగం పోయింది, రెండోది వస్తుందో రాదో తెలియదు, ఒక చెవి పనిచెయ్యదు. ఇవేవీ చెప్పకుండా దయామణిని చేసుకోవడం మోసం. చెబితే మరునిమిషానికి పాపమ్మ నోటి మీదుగా ఊరంతా వింటుంది. అతను మళ్ళీ చెప్పు పట్టీ మీదికి వంగాడు.

"సరేలే," అంది పాపమ్మ. "అయితే ఆ గేదెకి పళ్ళెన్నో నేనే చెప్పొస్తా."

ఆమె సత్రం వైపు కొంగు బిగించి నడిచింది. ఏసోబు దొడ్డిదారిన వెళ్ళి సత్రం పక్కనున్న గడ్డివాము చాటున నిలబడి, కుడి చెవి అటు పెట్టాడు.

పాపమ్మ మొహమాటపడలేదు. మేనత్తను కాబట్టి దాచకుండా చెబుతున్నానని మొదలుపెట్టింది. మిలిటరీలో రమ్ము ఊరికే పోస్తారట, మావాడు వద్దంటాడా అంది. ఆ మెడ వంకర చూశారా, రేపు పెళ్ళాంతో కూడా అలాగే మాట్లాడతాడంది. గోపాలకృష్ణయ్య ముఖం వెలిగిపోయింది. ఊళ్ళో ఎవర్నడిగినా ఒకే పాట పాడుతుంటే విసిగిపోయి ఉన్నాడు. మాట దాచుకోగలడా తల్లీ అని ఆశగా అడిగాడు.

"వాడి కడుపులో మాట దాగడమా? చిన్నప్పుడు వాళ్ళమ్మ ఉట్టి మీద జున్ను దాచితే, వీధి పిల్లలందర్నీ పిలుచుకొచ్చాడు. పొద్దున విన్నది మాపటికి ఊరంతా చెప్పకపోతే వాడికి అన్నం సయించదు బాబూ. ఇంటి గుట్టు ఉంచుకోవాలనుకునే వాళ్ళెవరూ వాణ్ణి చేసుకోరు."

గడ్డివాము చాటునుంచి సత్రం అరుగు మీదికి నాలుగడుగులు. వెళ్ళి అత్త చెవిలో ఒక్క ముక్క చెబితే చాలు, అన్నమాటలన్నీ మింగేసి ఆమే అతన్ని ఆకాశానికెత్తేస్తుంది. ఏసోబు కాలు ముందుకు పడింది. పళ్ళు బిగించి కాలు వెనక్కి తీసుకున్నాడు.

అప్పుడే తల్లిని వెతుక్కుంటూ దయామణి వచ్చింది. గడ్డివాము వెనక నక్కిన బావను చూసింది, సత్రం అరుగు మీద చేతులు తిప్పుతున్న అమ్మను చూసింది. నేరుగా వెళ్ళి, పొయ్యి మీద పాలు పొంగిపోతున్నాయని చెప్పి తల్లిని లాక్కొచ్చింది. ఆమెను ముందు నడవనిచ్చి, తను అతని కుడిపక్కగా వచ్చి ఒక్క క్షణం ఆగింది.

"వాములో తేళ్ళుంటాయి బావా, చూసుకో," అని వెళ్ళిపోయింది.

సెలవు ముగిసి ఢిల్లీలో బ్రిగేడియర్ ముందు ఏసోబు నిలబడ్డప్పుడు గోపాలకృష్ణయ్య కూడా ఆ గదిలోనే ఉన్నాడు, ఈసారి యూనిఫాంలో. ఊరంతా నిన్ను దేవుడన్నారు, దాన్ని మేం లెక్కలోకి తీసుకోలేదు అన్నాడు బ్రిగేడియర్. నీతో కోర్టు తగాదా ఉన్నవాడు కూడా అదే అన్నాడు, అది అసలే నమ్మలేదు. నిజం చెప్పింది ఒక్క మీ మేనత్తే అనిపిస్తోంది, నీ కడుపులో మాట దాగదట కదా?

ఏసోబు అప్పుడు గేదె బేరం సంగతి మొదటినుంచీ చెప్పాడు. వింటున్నకొద్దీ బ్రిగేడియర్ మీసం కదలసాగింది. బస్సు దిగిన పూటే ఊరంతా తనను పెళ్ళిసంబంధం మనిషిగా పోల్చుకుందని విన్న గోపాలకృష్ణయ్య కిటికీలోంచి బయటికి చూడటం మొదలుపెట్టాడు.

"ఆమె నీ ఉద్యోగం పోగొడుతోందని నీకు తెలుసు. ఒక్క మాటతో ఆపొచ్చు. ఎందుకు ఆపలేదు?" అన్నాడు బ్రిగేడియర్.

"ఆపితే ఆవిడ చెప్పింది నిజమయ్యేది సార్."

ఉద్యోగం ఆ పూటే ఖాయమైంది. కొత్త ఆఫీసరు చేసిన మొదటి పని, శాఖలో ఎవరూ ఇక ఏ ఊరికీ గేదె కొనే మిషతో వెళ్ళకూడదని ఆజ్ఞ జారీ చేయించడం.

చెవి సంగతి దాచకుండా దయామణికి ఉత్తరం రాశాడు. అది వేసవిలోనే తెలుసనీ, చర్చిలో ప్రకటన ఏ ఆదివారమో చెప్పమనీ జవాబొచ్చింది. గేదె బేరగాడెవరో అతను రాయలేదు, ఆమె అడగలేదు.

పెళ్ళిలో పాపమ్మను పట్టడం ఎవరి తరమూ కాలేదు. తెనాలి సంబంధాన్ని తనెలా చెడగొట్టిందో పందిట్లో ప్రతి ఒక్కరికీ చెప్పింది. ఆమె కథలో ఆ తెనాలి పిల్ల తండ్రి అప్పటికి తాసిల్దారు. ఏసోబుకు ప్రమోషన్ వచ్చినప్పుడల్లా పాపమ్మ నోట ఆ తెనాలి ఆయనకూ వచ్చేది. అల్లుడు మేజర్ హోదాకు చేరేసరికి ఆయన కలెక్టరయ్యాడు. కాలం గడిచి, దేశం రహస్యాలన్నీ తన బీరువాలో పెట్టుకునే అధిపతి అయి ఏసోబు ఈపూరు వచ్చేనాటికి, ఆయనకు మూడు రైసుమిల్లులూ ఒక జమీందారీ కూడా వచ్చి చేరాయి.

పాపమ్మ విస్తరిలో నెయ్యి వడ్డిస్తూ అడిగేది.

"ఏరా, ఆ రోజు నేను పోయి చెప్పకపోతే నీ గతి ఏందిరా?"

"తెనాలి అల్లుణ్ణయ్యేవాణ్ణి అత్తా," అనేవాడు గూఢచారి శాఖ అధిపతి, తలొంచుకుని ముద్ద కలుపుకుంటూ.

కుడిపక్కన కూర్చున్న దయామణి అతనికి మంచినీళ్ళ చెంబు అందించేది.