సొంత గొంతు

ఇరవై ఆరేళ్లుగా సినిమాల్లో, సీరియళ్లలో చస్తూ బతుకుతున్నాను. ఇంటర్వెల్ లోపు పోయే బాబాయిలుంటారే, అలాంటి వేషాలు. ముఖం నాది, గొంతు మాత్రం ఎప్పుడూ నాది కాదు. నేనుండేది విజయవాడ వన్ టౌన్‌లో. రెండు మాటల డబ్బింగ్ కోసం నన్ను మళ్లీ హైదరాబాద్ ఎవడు పిలిపిస్తాడు? అక్కడే ఎవడో ఒకడు చెప్పేసేవాడు. పైగా నా గొంతు సన్నమట. సన్నమట! పరిషత్తు నాటకాల్లో మైకు లేకుండా చివరి వరస దాకా వినిపించిన గొంతది.

మా అమ్మ జానకమ్మకి షుగర్‌తో చూపు పోయి పదకొండేళ్లయింది. అప్పట్నుంచి నేను తెరమీద ఉన్నా ఆవిడకి లేనట్టే. నేను చచ్చే సీనొస్తే నా భార్య శ్రీలలిత, "అదుగో అత్తయ్యగారూ, మీ అబ్బాయి" అనేది.

అమ్మ వక్కపొడి నములుతూ, "ఆ గొంతు మావాడిది కాదులే. చచ్చేదెవడో చావనీ" అనేది.

పడీపడీ నవ్వేవాళ్లం. నాకు మాత్రం లోపల మండేది. కన్నతల్లికి ఒక్కసారైనా నటుడిగా వినబడకుండానే పోతానా అని ఏడుపొచ్చేది.

చివరికి డైరెక్టర్ ప్రద్యుమ్న కాళ్లా వేళ్లా పడ్డాను. "సరే లక్ష్మీకాంత్ గారూ, ఈ సీరియల్‌కి మీరే చెప్పండి. మీసం మాత్రం తీసేయాలి" అన్నాడు. మీసమేం ఖర్మ, గుండు కొట్టించుకోమన్నా కొట్టించుకునేవాణ్ని. ఫ్లాష్‌బ్యాక్‌లకి మళ్లీ పిలుస్తామన్నారని తర్వాత కూడా పెంచలేదు.

నలుగురు రౌడీలు నన్ను కొట్టి చంపే సీను. ప్రాణం పెట్టి చెప్పాను. డైలాగ్ పేపర్లో లేకపోయినా చివర్లో "అమ్మా, చంపేస్తున్నారే!" అని నేనే కలిపాను. ప్రద్యుమ్న చప్పట్లు కొట్టాడు.

ఆదివారం మధ్యాహ్నం వేశారు. అమ్మకి ముందే చెప్పొద్దని శ్రీలలితకి ఒట్టు పెట్టాను. తనంతట తనే గుర్తుపట్టాలని నా వెర్రి. టీవీ పెట్టించి, లడ్డూలు తెద్దామని కిందికి దిగాను. తిరిగొచ్చేసరికి మా మేడ మీంచి నా గొంతు వీధిలోకి వినిపిస్తోంది. పొట్లం పట్టుకుని మెట్ల దగ్గరే ఆగిపోయాను.

"అమ్మా, చంపేస్తున్నారే!"

"ఒరే నాన్నా!" అని అమ్మ కేక. గుర్తుపట్టేసింది! ఏం చెప్పను, ఒళ్లు పులకరించింది.

"ఇది మావాడి గొంతే! మావాణ్ని చంపేస్తున్నారు, ఎవరన్నా రండయ్యా!"

"అత్తయ్యగారూ, టీవీ అండీ అది, ఆగండి!" శ్రీలలిత అరుస్తూనే ఉంది. నేను పైకి పరిగెత్తేలోపే అమ్మ తడుముకుంటూ వచ్చి పై మెట్టు తప్పింది. దొర్లుకుంటూ నా కాళ్ల దగ్గరికొచ్చి పడింది.

తలకి దెబ్బ. ఆస్పత్రిలో మూడో రోజు తెలివొచ్చింది. ఆ మూడు రోజులూ ఏడ్చి ఏడ్చి నా గొంతు బొంగురుపోయింది.

"అమ్మా, నేనే. బతికే ఉన్నానమ్మా" అన్నాను.

అమ్మ నా మొహం తడిమింది. పై పెదవి మీద వేళ్లు ఆగిపోయాయి.

"మావాడికి మీసం ఉంటుంది" అంది. చెయ్యి వెనక్కి తీసుకుని, "టీవీలో వాడికి గొంతిచ్చేది మీరేనా బాబూ? వాడు పోయాడు. నా చెవులతో విన్నాను. మీకు చేతనవుతుందిగా, ఒక్కసారి వాడిలా అమ్మా అనండి" అంది.

అన్నాను.

"కాదు బాబూ, మావాడి గొంతు సన్నం" అని మొహం అటు తిప్పుకుంది.