చిన్నోడి ఊఁ

జపాన్ బొమ్మల సీరియల్‌లో పిల్లాడు మాట్లాడేది తక్కువ, ఊఁ కొట్టేది ఎక్కువ. ఎవరేం చెప్పినా పెదవి విప్పకుండా ఒక "ఊఁ". అది అనడంలో నన్ను మించినవాళ్లు లేరని మా డబ్బింగ్ థియేటర్లో పేరు. "ఊఁ కొట్టి అన్నం తినేది లోకంలో నువ్వొక్కదానివేనక్కా" అని సౌండ్ ఇంజనీరు ఏడిపిస్తాడు. నలభై ఏళ్లు దాటినా పదేళ్ల పిల్లాడికి గొంతిచ్చే ఆడదాన్ని, ఏడిపించక ఏం చేస్తాడు!

నిజానికి ఆ గొంతు మా తమ్ముడిది. పదేళ్లప్పుడు జ్వరమొచ్చి పోయాడు. మొదటిరోజు మైకు ముందు ఏ గొంతూ అతకక, వాడు నోటినిండా ముద్ద పెట్టుకుని ముక్కుతో అనే ఊఁ గుర్తొచ్చి అలాగే అన్నాను. "ఇదే కావాలి!" అని డైరెక్టర్ ఎగిరి గంతేశాడు.

మతిమరుపు వచ్చాక అమ్మ వాడు పోయిన సంగతే మరిచిపోయింది. రోజూ సాయంత్రం టీవీలో వాడి గొంతు వింటుంది. అయిపోగానే వంటింటి వైపు తిరిగి "చిన్నోడా, తిన్నావా?" అంటుంది. నేను గరిటె తిప్పుతూ "ఊఁ" అంటాను. అప్పుడు గాని ఆవిడ ముద్ద ముట్టదు.

కొత్త భాగాల్లో పిల్లాడికి పదిహేడేళ్లు. "మగగొంతు పెడుతున్నామక్కా, ఏమనుకోకు" అన్నాడు డైరెక్టర్ నేల చూపులు చూస్తూ.

"పోనీ, ఊఁలన్నా నన్ను చెప్పనివ్వు."

"మీసాలొచ్చినవాడు అలా ఊఁ అంటే నవ్వుతారక్కా."

వేషం పోతే పోయింది, బామ్మలూ దయ్యాలూ ఎలాగూ నాకే ఇస్తారు. ఆ గొంతు వినపడక అమ్మ అన్నం మానేస్తుందేమోనని నా భయం.

ఆ సాయంత్రం గుమ్మంలోనే నిలబడ్డాను. తెరమీద ఎదిగిన కుర్రాడు బొంగురుగా మాట్లాడాడు. అమ్మ తల వాల్చి విన్నది. మొహం చాటంతైంది.

"ఏమే, విన్నావా? మన చిన్నోడికి గొంతు మారిందే! ఇక రేపో మాపో మీసాలొస్తాయి."

ఆ మారిన గొంతు కోసం ఆ కన్నకడుపు ఎన్నేళ్లు ఎదురుచూసిందో. ఏడుపు తన్నుకొచ్చి వంటింట్లోకి వెళ్లిపోయాను. కంచంలో వడ్డిస్తుంటే అలవాటుగా పిలుపు వచ్చింది.

"చిన్నోడా, తిన్నావా?"

నేనూ అలవాటుగానే వాడి గొంతుతో "ఊఁ" అన్నాను.

అమ్మ వంటింటి వైపు చెవి ఒగ్గింది.

"ఏమే, ఎవరి పిల్లాడే వంటింట్లో? పాపం, వాళ్లమ్మ వెతుక్కుంటూ ఉంటుంది. పంపించెయ్యి."

"సరేనమ్మా" అన్నాను, నా గొంతుతో.