రష్యా రాజు కొడుకు అంగీ

తెల్లవారి ఐదున్నర. రాత్రి పట్టిన ముసురు ఇంకా తెరిపియ్యలేదు. తండాలో కోళ్లు కూడా అలిగినట్టు చూరు కిందనే ముడుచుకొని ఉన్నాయి.

కమ్లీ పొయ్యి మీద చాయ్ పెట్టి వాకిట్లో తీగె దగ్గరికి పోయింది. రోజులాగే నాలుగు రవికెలు వేలాడుతున్నాయి. తెల్లవి, బిగుతువి, నడుం దాకా హుక్కులున్నవి. వానలో ఉన్నా తడవలేదు. నాలుగింటికీ పక్క కుట్లు చిరిగి ఉన్నాయి.

అవి రష్యా రాజు బిడ్డలవి. తండాలో అందరికీ తెలుసు. పొద్దున వస్తాయి. కమ్లీ కుడుతుంది. దీపాలు పెట్టేవేళకు తీగె ఖాళీ అవుతుంది. తెల్లవారితే మళ్లీ అక్కడే, మళ్లీ చిరిగి. పక్కింటి సోని మాత్రం అప్పుడప్పుడు సతాయిస్తుంది. "మీ రష్యా బట్టలు జర జరుపుకో వదినా, నా చీరెకు జాగ లేదు" అని.

ఆ రాజు కథను తండాకు తెచ్చింది కమ్లీ మామ చందూలాల్. ఎర్రజెండా మనిషి. ఏటా జెండా ఎత్తిన రోజు అటు తరిగొప్పుల దాకా తిరిగి ఊరూరా చెప్పేవాడు. మూడు వందల ఏండ్లు ఏలిన వంశమట. మంచులో రొట్టెల కోసం లైను కట్టిన ఆడవాళ్లకు కోపం వచ్చిందట. రొట్టె అడిగితే తుపాకులు చూపించారట. వారం తిరగకముందే కాల్చమన్న సిపాయిలే ఆడవాళ్ల దిక్కు నిలబడ్డారట. రాజు రైలు పెట్టెలో కూర్చొని సంతకం పెట్టి గద్దె దిగాడట. "పెండ్లాం పిల్లలతోటి ఒక ఇంట్ల పెట్టిండ్రు. ఒకనాటి రాత్రి లేపి, కింది గదికి దిగుండ్రి అన్నరు" అనేదాకా వచ్చి చందూలాల్ బీడీ ముట్టించేవాడు. కథ అక్కడితో అయిపోయేది. జనం చప్పట్లు కొట్టేవారు.

మొదటిసారి రవికెలు తీగె మీదికి వచ్చిన రోజు ముసలాయన వాటిని చేత్తో తడిమి చూసి, గోడకు ఆనుకొని కూలబడ్డాడు. మిగతా కథ కోడలికి ఒక్కదానికే చెప్పాడు. విని కమ్లీ ఒకటే అడిగింది.

"రాజు సంగతి సరే మామా. పిల్లలేం జేసిండ్రు?"

ముసలాయన చేతిలో బీడీ ఉంది. ముట్టించుకోలేదు. ఆ ఏడే పోయాడు.

రవికెల లోపల రెండు పొరలు. పొరల నడుమ చిన్న చిన్న గూళ్లు, ఏవో ఉండి పోయినట్టు ఖాళీగా. లంబాడి ఆడమనిషి ఖాళీ గూడును ఖాళీగా వదలదు. అద్దం బిళ్ల పెట్టి కుడుతుంది. కమ్లీ అట్లనే కుట్టేది. తెల్లవారేసరికి అద్దాలు ఉండవు, కుట్టూ ఉండదు. "ఎవడురా గిన్నిసార్లు చింపేది" అని తిట్టుకుంటూనే సూదిలో దారం ఎక్కించేది.

ఆ రోజు తీగె మీద ఐదోది ఉంది.

వెడల్పు కాలరు, కాలరు మీద నీలి గీతలు. పన్నెండు పదమూడేండ్ల పిల్లవాని అంగీ. ఎక్కడా చిరగలేదు. లోపల గూళ్లు మాత్రం ఉన్నాయి, ఖాళీగా.

కమ్లీ దాన్ని తియ్యడానికి భయపడింది.

"కొడుకుది గూడ వచ్చిందా" అన్నాడు ఆమె మొగడు మంగీలాల్ చాయ్ ఊదుకుంటూ. పట్టా పాస్‌బుక్కును ప్లాస్టిక్ కవర్లో చుట్టుకుంటున్నాడు. "ముందుగాల గదే కుట్టు. పిలగాడు గద."

"నువ్వు జల్ది పో. నీ చెప్పులు ఉన్నయా అక్కడ?"

"నిన్న పొద్దుగూకంగనే పెట్టొచ్చిన. రామలింగం షటరుకాడ, ముందట్నే."

ఉత్త కాళ్లతోనే బురదలో నడిచిపోయాడు. వరి నాటి నెల దాటింది. ఆకు పండబారింది. యూరియా కోసం పెద్దవంగరలో వారం నుంచి లైను. మనిషి ఎంతసేపని నిలబడతాడు? చెప్పులు నిలబడతాయి. చెప్పులున్న చోట మనిషి ఉన్నట్టే. ఒకరి చెప్పులను ఇంకొకరు జరపరు. ఎంత తగవు మనిషైనా ఆ ఒక్కటి చెయ్యడు. ఎరువుల దుకాణపు రామలింగం మాత్రం రోజూ షటరు సగం ఎత్తి, "స్టాకు లేదు, రేపు రాండ్రి" అని దించేస్తున్నాడు.

కూతురు అనిత అప్పటికే మొదటి బస్సుకు జనగామ పోయింది, నర్సింగ్ చదువు. కొడుకు కుమార్ లోపల పడుకొని ఉన్నాడు. భూపాలపల్లిలో బొగ్గుబాయి పని అతనిది, కాంట్రాక్టు కింద. బాయిలోకి వాన నీళ్లు వచ్చి పని ఆగితే ఇంటికి వచ్చాడు.

కమ్లీ గడపలో కూర్చొని అంగీ గూళ్లలో అద్దాలు కుట్టడం మొదలుపెట్టింది.

పెద్దవంగరలో ఏం జరిగిందంటే, తొమ్మిదింటికి ఒక లారీ వచ్చింది. ఖాళీ లారీ. రామలింగం దుకాణం కింద సెల్లార్ ఉంది, పైన ఇల్లు ఉంది. లారీ వెనక్కి సెల్లార్ దాకా పోవాలంటే చెప్పుల లైను అడ్డం. వానకు జనమంతా ఎదురుగా హోటలు రేకుల కింద ఉన్నారు. రామలింగం పొడుగు చీపురు తీసుకొని తన చేతులతోనే చెప్పులన్నీ పక్కనున్న మురుగు మోరీలోకి ఊడ్చేశాడు.

అది చూసి జనం రేకుల కిందినుంచి వానలోకి వచ్చారు. స్టాకు లేదన్నవానికి లారీ ఎందుకన్న ఆలోచన తర్వాత వచ్చింది. ముందు చెప్పులే కనపడ్డాయి. మోరీలో మనుషులు తేలుతున్నట్టు తేలుతున్నాయి.

మంగీలాల్ తన జత కోసం మోరీలోకి దిగాడు. లారీ వెనక్కి వస్తూనే ఉంది. కాలు చక్రానికీ గట్టుకూ నడుమ పడింది.

ఫోన్ కుమార్‌కు వచ్చింది. విన్నాడు. "బాపు కాలు ఇరిగింది. మానుకోట దవాఖానకు తీస్కపోయిండ్రు" అన్నాడు తల్లితో. మూలకున్న గడ్డపార తీసుకొని బండెక్కాడు.

"కుమార్. బేటా, ఆగు."

బండి ఆగలేదు. కమ్లీ చేతిలో అంగీతోనే రోడ్డెక్కింది. సోని కొడుకు ఆటోలో కూర్చొని, చీపురు సంగతీ లారీ సంగతీ అతని నోట వింటూ, దారి పొడుగునా చివరి గూడు కుట్టింది. ఎందుకు కుడుతున్నదో ఆమెకే తెలియదు. కోపంలో చేతులు ఊరుకోలేదు, అంతే. రామలింగాన్ని తిట్టింది. వాని పుట్టుకను తిట్టింది. వాని సెల్లార్ మీద పిడుగు పడాలని తిట్టింది. అన్నీ మనసారా తిట్టింది.

ఆమె పోయేసరికి షటరు విరిగింది. సెల్లార్ లైట్లు వెలుగుతున్నాయి. కప్పు దాకా యూరియా బస్తాలు. ఊరి రైతు తిరుపతి మెట్ల కింద నిలబడి ఫోను పైకెత్తి పట్టుకున్నాడు.

"ఇంట్లున్నోళ్లందరు కిందికి దిగుండ్రి. బస్తాల ముందట వరుసగ నిలబెట్టి ఫోటో తీస్తం. దునియ చూడాలె మీ బతుకు."

కమ్లీకి మెట్ల మీదనే కాళ్లు ఆగాయి. ఈ మాట ఆమెకు తెలుసు. మామ చెప్పాడు. ఫోటో తీస్తమని వరుసగ నిలబెట్టిండ్రట.

వాళ్లు దిగారు. రామలింగం ముందు, చేతుల్లో కొడుకు వరుణ్. వెనక భార్య రాజమణి, ఆమె కొంగు పట్టుకొని కూతుళ్లు సుమ, మేఘన. వరుణ్‌కు పదమూడేండ్లు. దెబ్బ తగిలితే నెత్తురు ఆగని జబ్బు వానిది. ఊరంతా ఎరుకే. బడిలో కాలు జారితే హైదరాబాదు దాకా ఉరికిన రోజులున్నాయి. ఇప్పుడు మోకాలు గుమ్మడికాయంత వాచి ఉంది.

"తిరుపతన్నా, పిల్లలను వదిలిపెట్టుండ్రే" అంది రాజమణి. "మీకు దండం పెడ్త."

"మా పిల్లల బువ్వ గిండ్ల దాసినప్పుడు యాదికి రాలేదా వదినే, దండం?"

జనం నవ్వారు. ఆ నవ్వు మంచిది కాదు.

గోడకు ఆనించి నిలబెట్టారు. వరుణ్ బనీను మీద ఉన్నాడు. చలికి పండ్లు కొట్టుకుంటున్నాయి. కమ్లీ జనాన్ని మోచేతులతో తోసుకుంటూ ముందుకు పోయింది. వాని చేతులు ఒక్కొక్కటే ఎత్తి అంగీ తొడిగింది. కొలిచి కుట్టినట్టు సరిపోయింది. ఆ అంగీ ఎక్కడిదో అక్కడున్న వాళ్లు అడగలేదు. తీగె మీది బట్టలు వాళ్లు ఎరగనివి కావు.

"నీ నోట్ల మన్ను వడ" అంది రామలింగంతో, గుండీ పెడుతూనే. "నా మొగని కాలు మీద లారీ ఎక్కిచ్చినవు."

"తప్పయింది కమ్లమ్మా."

"తప్పు అనకు. ఆ మాట చాలదు."

"యాడీ, జరుగు" అన్నాడు కుమార్ తల్లితో. వెనక నుంచి. గడ్డపార ఎడమ చేతిలో ఉంది. కుడిచేతిలో కంకర రాయి.

"కుమార్."

"జరుగుమన్న గద."

రాయి రామలింగం మీదికి విసిరాడు. అది పోయి వరుణ్ రొమ్ముకు తగిలింది.

టక్ మన్నది. అద్దం మీద గోరు కొట్టినట్టు. రాయి కిందపడి, దొర్లి, కమ్లీ కాలి దగ్గర ఆగింది.

వరుణ్ తన రొమ్ము చూసుకున్నాడు. ఏమీ లేదు. ఏడవడం కూడా మరిచిపోయాడు.

కమ్లీ వంగి రాయి తీసుకుంది. లేచేసరికి ఆమె ముఖం చూసి తిరుపతి ఫోను దించాడు.

"మా మామ మీకు కథ సగమే చెప్పిండు. చప్పట్లు కొట్టిండ్రు మీరు. మిగతాది నేను చెప్త, ఇనుండ్రి. కింది గదిల నిలబెట్టి కాల్చిండ్రు. పోరగాండ్ల బట్టలకు తాకి గుండ్లు కింద పడ్డయి. లోపల వజ్రాలు కుట్టుకున్నరు. ఎన్నటికన్న బతుకుడుకు అక్కెరకొస్తయని కుట్టుకున్నరు. వాళ్లకు గా కుట్టే పాపమైంది. పెద్దోళ్లు లటుక్కున సచ్చిండ్రు. పిల్లలు సావలే. అప్పుడు ఏం జేసిండ్రో ఎరుకేనా? దగ్గరికి పోయిండ్రు. మొఖాలు చూసుకుంట కత్తులతోటి పొడిచిండ్రు. తీస్కపోయి పాత గని బాయిల పారేసిండ్రు."

తిరుపతి దించిన ఫోను జేబులో పెట్టుకున్నాడు.

"రాజు పాపి. గద్దె దించిండ్రు, మంచిగయింది. నాకు పరేషాన్ లేదు. పిల్లలేం జేసిండ్రని అడిగితే మా మామకు జవాబు దొరకలే. మీకు దొరికిందా?"

కొడుకు దిక్కు తిరిగింది. రాయి అతని చేతిలో పెట్టింది.

"నువ్వేసింది కింద పడ్డది. ఇగ దూరంకెల్లి కాదు. దగ్గరికి రావాలె. గడ్డపార ఉన్నది గద నీ చేతిల. రా. వాని కండ్లల్ల చూసుకుంట ఎయ్యి. నేను ఇన్నే నిలబడి చూస్త."

కుమార్ ఒక అడుగు వేశాడు. వరుణ్ అతన్నే చూస్తున్నాడు. నీళ్లు నిండిన బొగ్గుబాయిలోంచి తోటి పనివాళ్లు ముగ్గురిని భుజాన వేసుకొని పైకి మోసిన మనిషి కుమార్. బాయి మాట దగ్గరనే అతని తల వంగింది. రాయి జారింది. గడ్డపార గోడకు ఆనించి, బస్తా మీద కూలబడి రెండు చేతులతో ముఖం మూసుకున్నాడు.

రామలింగం కొడుకును మళ్లీ చేతుల్లోకి ఎత్తుకున్నాడు.

"ఏం చూస్తుండ్రు" అన్నాడు తిరుపతి చివరికి, ఎవరి మీదనో కోపంగా. "బస్తాలు పైకి మొయ్యుండ్రి."

రాజమణి కమ్లీ కాళ్ల మీద పడబోయింది. కమ్లీ వెనక్కి జరిగింది.

"నాకు మొక్కకు. నీ మొగని మీద నా కోపం పోలే, పోదు. పోలీసు జీపు వస్తది. ఏం జేసిండో నేనే నిలబడి చెప్త. నువ్వు పిలగాన్ని దవాఖానకు తీస్కపో. అంగీ ఇప్పకు."

జీపు వచ్చింది. కమ్లీ నిలబడి చెప్పింది. చీపురు సంగతి కూడా విడవకుండా చెప్పింది. రామలింగాన్ని ఎక్కించుకొని పోయారు. జనం మోరీలోంచి చెప్పులు ఏరి, నల్లా కింద కడిగి, జతలు కలిపి, షటరు ముందు మళ్లీ వరుసగా పెట్టారు. ఎవరి చోటు ఎవరిదో తగవు రాలేదు. సాయంత్రం దాకా అధికారులు నిలబడి ఆ వరుస ప్రకారమే పంచారు. మంగీలాల్ చెప్పుల్లో ఒకటే దొరికింది. ఒక్క చెప్పే అయినా అతని బస్తా అతనికి ఇచ్చారు.

పొద్దుగూకింది. ముసురు తగ్గింది.

మంగీలాల్ ఆటోలో వచ్చాడు, కాలుకు తెల్లకట్టుతో. కుమార్ ఎత్తుకొని లోపలికి తెచ్చాడు. అనిత బస్సు దిగి వచ్చి, తండ్రి కట్టు విప్పినంత పని చేసి చూసి, బాగానే కట్టారని ఒప్పుకుంది. తర్వాత సుమ ఫోను చేసింది.

"అవ్వా, తమ్ముడు పడుకున్నడు. మోకాలుకు సూది ఇచ్చిండ్రు. కొత్తగ ఎక్కడ నెత్తురు రాలేదంట. అంగీ ఇప్పలేదు. ఇప్పనంటుండు."

"ఉండనీ" అంది కమ్లీ. "నువ్వు, చెల్లె తిన్నరా?"

"తిన్నం."

ఫోను పెట్టి, దీపం పట్టుకొని వాకిట్లోకి వచ్చింది. తీగె మీద ఏమీ లేదు. పొద్దున కుట్టని నాలుగు రవికెలు కూడా లేవు. చిరిగినవి చిరిగినట్టే పోయాయి కావచ్చు. ఆమెకు మళ్లీ కోపం వచ్చింది, ఎవరి మీదనో తెలియక.

గడప ముందు దీపం వంచింది. మంగీలాల్‌ది ఒకటే చెప్పు. కుమార్ బూట్లు, బొగ్గు అంటినవి. అనిత చెప్పులు. ఆ పక్కన, గోడ వారకు, బురదతో తడిసిన తెల్ల జోళ్లు. పైదాకా తాళ్లున్నవి. ఆడపిల్లలవి, నాలుగు జతలు. ఇన్నేండ్లలో బట్టలే వచ్చాయి గాని జోళ్లు ఎప్పుడూ రాలేదు.

రాజు జోళ్లు లేవు. ఆమె వాటికోసం చూడలేదు.

వంగి వేలితో లెక్కపెట్టింది. మంగీలాల్. కుమార్. అనిత. పట్నం దవాఖానలో వరుణ్, సుమ, మేఘన. తర్వాత రాజు పెద్దపిల్ల. రెండోది. మూడోది. నాలుగోది. నాలుగో జత వెనక, దానికి ఆనుకొని, ఇంకొక జత ఉంది. చిన్నది. మగపిల్లవానిది.

కమ్లీ మళ్లీ మొదటినుంచి లెక్కపెట్టింది. అందరూ వచ్చారు.