వెంట్రుకలో వెయ్యో వంతు

వాడి పేరు ఈశ్వరప్ప. పేరు ముందు డాక్టరు అని ఉండేది కానీ సూది వేసే డాక్టరు కాదు, చదువు డాక్టరు. బెంగళూరులో ఏదో పరిశోధన సంస్థలో పని. మా నిడుగల్లుకు తెల్లపొడి తెచ్చినవాడు వాడే. ఇన్నేళ్ళయినా ఆ పేరు తలచుకుంటే నాకు ఒళ్ళు మండుతుంది. కోపం మంచిది కాదు రామాంజినమ్మా అని చెప్పేవాళ్ళు చెబుతూనే ఉంటారు. వాళ్ళ గొర్రెలేం చావలేదు కదా.

మాది కన్నడ రాష్ట్రంలో తెలుగు మాట్లాడే ఊరు, నేను ఇక్కడి అంగనవాడి టీచరును. పిల్లలకు ఉప్మా వండి పెట్టడం, బరువు తూచడం, రిజిస్టరు రాయడం నా పని. తూచేటప్పుడు పిల్లల పళ్ళు చూస్తాను. మా ఊళ్ళో ఒక్క పిల్లకీ తెల్లటి పళ్ళు ఉండవు. బావులు ఎండిపోయాక బోర్లు వేశారు. మూడొందల అడుగులు, నాలుగొందలు, ఇంకా కిందికి. ఎంత లోతుకు పోతే అంత ఫ్లోరైడు నీళ్ళు. ఆ నీళ్ళు తాగితే ముందు పళ్ళు పసుపవుతాయి, తర్వాత మోకాళ్ళు పట్టేస్తాయి, చివరికి నడుము వంగిపోతుంది. నలభై ఐదేళ్ళకే మెడ తిప్పలేక, ఎవరైనా పిలిస్తే మనిషి మొత్తం తిరిగి చూసే ఆడవాళ్ళు మా ఊళ్ళో వీధికి నలుగురు.

కెంచమ్మ కూతురు హనుమక్కకు అప్పుడు ఐదేళ్ళు. నిలబడితే రెండు మోకాళ్ళు ఒకదానికొకటి తగులుకునేవి, పాదాలు మాత్రం ఎడంగా ఉండేవి. వాళ్ళమ్మ రోజూ చంకనెత్తుకుని తెచ్చి అంగనవాడిలో దించిపోయేది. పావగడలో పిల్లల డాక్టరు ఒకాయన చూసి ఖచ్చితంగా చెప్పాడు. "ఎముక ఇంకా పచ్చిగా ఉండాదమ్మా. ఇప్పుడు మంచినీళ్ళు తాపితే మెల్లగా సరవుతాది. నాలుగేండ్లు పోతే నేను కాదు గదా, ఆ బ్రహ్మ వచ్చినా సరిచేయలేడు" అని. మంచినీళ్ళు ఎక్కడినుంచి తేవాలో మాత్రం చెప్పలేదు. చెప్పడానికి ఆయన దగ్గర మాత్రం ఏముంది?

అటువంటి సమయంలో, తొంభై ఏడు సెప్టెంబరులో, ఈశ్వరప్ప జీపు వచ్చింది. శెనక్కాయకు ఊడలు దిగే వేళకు వాన ఎగ్గొట్టి, చేన్లో పని లేక ఊరంతా ఇళ్ళలోనే ఉన్న రోజులు. అంగనవాడి ముందు మీటింగు పెట్టాడు. ఒక డబ్బా చూపించాడు. పైన బోరు నీళ్ళు పోయాలి, మధ్యలో తెల్లపొడి నింపిన గుడ్డసంచి ఉంటుంది, కింద కొళాయి తిప్పితే మంచినీళ్ళు వస్తాయి.

"ఇది మామూలు పొడి కాదమ్మా. ఒక వెంట్రుకను తీసుకుని దాని మందాన్ని వెయ్యి భాగాలు చేయండి. అందులో ఒక భాగం ఎంతుంటుందో ఈ పొడిలో ఒక్కో రేణువు అంత. నానో అంటారు. రాబోయే కాలమంతా దీనిదే" అన్నాడు. వాడి ముఖంలో నిజంగానే సంతోషం కనబడింది. ఆ మాట దాచను.

అందరికంటే ముందు కెంచమ్మ లేచింది. "అంత సన్నం పొడైతే నీళ్ళల్లో కలిసి కడుపులోకి దిగదా సారూ?"

"దిగదు. కింద వడపోసే క్యాండిలు ఉంది, అది ఆపుతుంది."

అప్పుడు నేను అడిగాను. "నీళ్ళల్లో చెడు అంతా పొడి పీల్చుకుంటుందంటాండారు కదా సార్. నెల తర్వాత సంచి మార్చినప్పుడు ఆ పాత పొడిని ఏం చేయాల?"

వాడు నవ్వాడు. "పొడి పట్టుకున్నదాన్ని మళ్ళీ వదలదు టీచరమ్మా. దాన్ని మట్టి అనుకోండి. ఎక్కడైనా పారేయండి."

నేను ఆ మాట రిజిస్టరులో రాసుకున్నాను. అడిగినవాళ్ళందరికీ మట్టే అంట అని చెప్పాను కూడా. నా కోపంలో సగం వాడి మీదైతే మిగతా సగం నా మీద.

డబ్బాలు నలభై ఇళ్ళకు వచ్చాయి. నీళ్ళు ఎంత బాగున్నాయంటే, మొదటి వారం ఊళ్ళో టీ రుచే మారిపోయింది. బోరు నీళ్ళల్లో ఎంతకీ ఉడకని పప్పు ఉడకడం మొదలుపెట్టింది. ముసలమ్మల మోకాళ్ళ సంగతి పెద్దగా మారలేదు కానీ, సంక్రాంతి దాటాక ఒక ఉదయం హనుమక్క గడప దగ్గర నిలబడి "టీచర్" అని పిలిచింది. వెనక వాళ్ళమ్మ లేదు. వాళ్ళింటి నుంచి అంగనవాడికి మూడు సందులు. ఆ మూడు సందులూ అది గోడ పట్టుకుని ఒక్కతే నడిచి వచ్చింది. నేను గరిటె పక్కన పడేసి ఏడ్చాను. ఆ పొడి మంచి చేసింది. ఎవడు కాదన్నా నేను ఒప్పుకోను.

మరి పాత పొడి? మా వాళ్ళు ఏదైనా పారేస్తారా? చిరిగిన చీర బొంత అవుతుంది, పగిలిన కుండలో కోడి పొదుగుతుంది. సంచిలోంచి తీసి ఎండబెడితే ఆ పొడి మల్లెపువ్వంత తెల్లగా, ముఖానికి రాసుకునే పౌడరంత మెత్తగా ఉండేది. ఇంటింటికీ ముగ్గుపిండి అయింది. వేళ్ళ మధ్య నుంచి గీత అంత సన్నగా ఏ రాతిపిండితోనూ రాదు. పొద్దున్నే ఆడవాళ్ళంతా వాకిట్లో వంగి, ముక్కు నేలకు ఆనేంత దగ్గరగా పెట్టి ముగ్గులు వేసేవాళ్ళు. ఆ చలికాలం ఆడవాళ్ళకు పొడిదగ్గు పట్టుకుని వదల్లేదు. మంచు దగ్గు అనుకున్నాం.

కెంచమ్మకు ముగ్గులకన్నా గొర్రెల మీద ధ్యాస. నెలనెలా పొడిని శెనక్కాయ గోతంలో దాచింది. ఇరుగుపొరుగు మిగిల్చింది కూడా అడిగి తెచ్చుకుంది. ఉగాదికి సున్నంలో కలిపి గొర్రెల దొడ్డి గోడకు లోపలంతా పూసింది. దొడ్డి ధగధగా మెరిసింది. అందరినీ పిలిచి చూపించింది, నేనూ చూసి మెచ్చుకున్నాను.

కరువు ఏడాది. మేత లేని గొర్రె ఉప్పు కోసం గోడ నాకుతుంది. ఇది మా ఊళ్ళో చిన్నపిల్లకు కూడా తెలుసు. ఎవరికీ గుర్తు రాలేదు, ఎందుకంటే అది మట్టి కదా! పండగ దాటిన మూడో రోజు నుంచి కెంచమ్మ గొర్రెలు నురగలు కక్కుకుని వరసగా ఏడు చచ్చిపోయాయి. పశువుల డాక్టరు వచ్చి ఒకదాని కడుపు కోసి చూశాడు. "వీటికి తెల్లగా ఏం పెట్టినారమ్మా?" అని అడిగాడు. ఆ రోజే ఇల్లిల్లూ తిరిగి ముగ్గులు కడిగించాను. మిగిలిన పొడిని మూటలు కట్టించి, ఎవరూ ముట్టకుండా పెరళ్ళలో పెట్టించాను. బెంగళూరుకు ఒకటి, తాలూకా ఆఫీసుకు ఒకటి అర్జీలు రాశాను.

పదిహేను రోజులకు ఈశ్వరప్ప దిగాడు. జీపు వెనక ఒక ఖాళీ లారీ. వాడి చేతిలో కన్నడలో టైపు చేసిన కాగితం. నా చేతికిచ్చాడు, చదివాను. వాడిన పొడిని గుంత తీసి పూడ్చాలని సంస్థ ముందే చెప్పినా, లబ్ధిదారులు తమ అవివేకం వల్ల దుర్వినియోగం చేశారని, జరిగిన నష్టానికి వాళ్ళే బాధ్యులని ఉంది. కింద కెంచమ్మ వేలిముద్రకు, సాక్షిగా నా సంతకానికి జాగా వదిలారు.

"సంతకాలు అయితే పథకం ఇంకో రెండేళ్ళు నడుస్తుంది. పైవాళ్ళను నేను ఒప్పించాను. సంతకాలు కాకపోతే డబ్బాలన్నీ ఈరోజే లారీలో వేసుకుని పోవాలి" అన్నాడు.

నేను లోపలికి పోయి రిజిస్టరు తెచ్చాను. తేదీతో సహా గట్టిగా చదివాను. ఎక్కడైనా పారేయండి, మట్టి అనుకోండి. అందరూ విన్నారు.

"అది నువ్వు రాసుకున్న పుస్తకం టీచరమ్మా. ఎవరైనా ఏదైనా రాసుకోవచ్చు" అన్నాడు వాడు, చల్లగా.

"ఈ నలభై ఇండ్లోళ్ళూ విన్నారు కదా సార్! వీళ్ళ చెవులు కూడా నేనే రాసుకున్నానా?"

"గొంతు పెంచొద్దు."

పంచాయతి మెంబరు పెద్దతిమ్మప్ప నన్ను పక్కకు పిలిచాడు. మంచివాడే, కానీ ఆఫీసరు ముందు వెన్నెముక ఉండదు. "యామ్మా, ఎవుర్ని ఏమని గెలుస్తావ్? కాగితం కాగితమే, నీళ్ళు నీళ్ళే. సంతకం పెట్టేయ్."

"ఏడు గొర్రెలు సచ్చినాయి పెద్దాయనా. సంపినోడు నువ్వే సంపినావు అంటాండాడు. దానికి నేను సాక్షి సంతకం పెట్టాల్నా?"

పుండు మీద కారం చల్లి, కారం కూడా మీరే చల్లుకున్నారని రాసివ్వమంటే ఎలా? పెట్టనని గట్టిగా చెబుదామని తిరిగేసరికి కెంచమ్మ నా ముందు నిలబడి ఉంది. హనుమక్క ఆమె కొంగు పట్టుకుని ఉంది, రెండు కాళ్ళ మీద నిలబడి.

"అక్కా, పెట్టు" అంది.

"నీకేమన్నా పిచ్చా మే? వాడు నిన్ను అవివేకి అని రాసినాడు!"

"రాసుకోనీ. గొర్రెలు నావి, బిడ్డా నాదే. ఆ మాట రాసినంత మాత్రాన నా బిడ్డ కాళ్ళు వంగవు. డబ్బా పోతే వంగుతాయి. నువ్వు నిజం పట్టుకోని కూర్చుంటే దీనికి బోరునీళ్ళే గతి. ఏం చేయమంటావో చెప్పు."

ముందు నుయ్యి, వెనక గొయ్యి. ఆ పిల్ల నన్నే చూస్తోంది. మూడు సందులు నడిచి వచ్చిన పిల్ల. కెంచమ్మ సిరా డబ్బీలో వేలు అద్ది, గట్టిగా నొక్కి ముద్ర వేసింది. నేను సంతకం పెట్టాను. పెన్ను కాగితాన్ని చింపేసేంత ఒత్తి పెట్టాను. నా జీవితంలో అంత సిగ్గుపడి పెట్టిన సంతకం ఇంకోటి లేదు.

ఈశ్వరప్ప కాగితం మడిచి బ్యాగులో పెట్టుకున్నాడు. లారీని వెనక్కి పంపేశాడు. పెద్దతిమ్మప్ప టీ తెప్పించాడు. ఆ టీ మా డబ్బా నీళ్ళతోనే పెట్టారు, వాడు రెండు గ్లాసులు తాగాడు.

వాడు జీపు ఎక్కబోతుంటే కెంచమ్మ మళ్ళీ వచ్చింది. నెత్తి మీద గోతం. వెనక పక్కింటి సంజీవమ్మ, ఆమె వెనక ఎదురింటి లక్ష్మీదేవమ్మ, ఆ వెనక ఇంకా పదిమంది. ఒకరి చంకలో కుండ, ఒకరి చేతిలో ప్లాస్టిక్ కవరు, ఒకరి భుజాన పాత చీరమూట. నేను చెప్పలేదు. ఒట్టు, నాకు ఆ ఆలోచనే రాలేదు.

"ఏమమ్మా ఇదంతా?" అన్నాడు వాడు.

"మీ పొడి సారూ" అంది కెంచమ్మ. "గుంత తీసి పూడ్చాలంట కదా, కాగితంలో ఉండాదంట. మేం అవివేకులం. గుంత ఎంత లోతు తీయాల్నో, యాడ తీయాల్నో మాకు తెల్దు. తీస్తే మళ్ళా బోర్లోకి దిగుతాదేమో అదీ తెల్దు. తెలిసినోళ్ళు మీరు. తీసుకోనిపోండి."

"అట్లా కాదమ్మా, దానికొక పద్ధతి..."

ఆమె వినలేదు. జీపు వెనక తలుపు తీసి గోతాన్ని సీటు మీదికి విసిరింది. మూతికి కట్టిన పురికొస తెగింది. తెల్లగా పొగలాగా లేచి జీపంతా నిండింది.

ఈశ్వరప్ప ఒక్క గెంతులో నాలుగడుగులు వెనక్కి దూకాడు. జేబులోంచి రుమాలు లాగి ముక్కుకు, నోటికి అదిమి పెట్టుకున్నాడు. డ్రైవరును చూసి కన్నడలో కేకేశాడు. "మూగు ముచ్కొళ్ళో! ఉసురు తగోబేడ!"

ముక్కు మూసుకోరా, ఊపిరి పీల్చకు. మా ఊళ్ళో కన్నడం రానివాళ్ళు ఎవరూ లేరు.

గుమ్మడికాయల దొంగంటే భుజాలు తడుముకున్నట్టు వాడు రుమాలు దించి మళ్ళీ ఎత్తుకున్నాడు. లక్ష్మీదేవమ్మకు దగ్గు వచ్చింది. ఆర్నెల్ల నుంచి వస్తున్న దగ్గే. దగ్గుతూనే తన కుండను తీసుకుపోయి జీపులో పెట్టింది. ఆమె వెనక సంజీవమ్మ. ఒక్కొక్కరే పోయి తెచ్చినది సీటు మీద, సీటు కింద, డ్రైవరు పక్కన పెట్టి వచ్చారు. నేను ఆపలేదు. పెద్దతిమ్మప్ప కూడా ఆపలేదు, తల దించుకుని నిలబడ్డాడు.

"ఏం పనమ్మా ఇది!" రుమాలు వెనక నుంచి వాడి గొంతు సన్నగా వచ్చింది. "దీంట్లో కూర్చుని బెంగళూరు దాకా ఎట్లా పోవాలి నేను?"

కెంచమ్మ కూతుర్ని ఎత్తుకోలేదు, చేయి పట్టుకుంది. ఇంటివైపు రెండడుగులు వేసి, ఆగి వెనక్కి చూసింది.

"మేం ఇండ్లల్లో ఎట్లుండామో అట్లే పో సారూ" అంది.