కొలిచి రాసిన కృతజ్ఞతలు

"సున్నుండంటే ఎటునుంచి చూసినా ఒకేలా ఉండాలమ్మాయ్. నువ్వు చుట్టినవి చూడు, ఉసిరికాయల్లా నొక్కుకుపోయాయి," అన్నారు అత్తగారు చిన్నమ్మాయిగారు, మోకాళ్ళ నొప్పులతో కుర్చీ దిగకుండానే పళ్ళెంలోకి మెడ చాచి. సూర్యకళ చేతిలో ఉన్నదాన్ని చిదిపి, ఇంకాస్త నెయ్యి తగిలించి మళ్ళీ చుట్టింది. ఇరవై నాలుగేళ్ళ కాపురంలో అత్తగారు వంక పెట్టని వంట ఆమె ఒక్కటీ చేసి ఎరగదు. అందుకని ఆ మాట చెవిన పడింది గానీ మనసుకి తగల్లేదు. మనసంతా గోడ గడియారం మీదుంది. ఆదివారం మధ్యాహ్నం రెండు దాటింది. ఐదింటికల్లా ప్రెస్సుకి ఆఖరి పేజీ పంపాలి. తొంభై ఆరు పేజీల పుస్తకంలో అదొక్కటే మిగిలింది. దాని పేరు కృతజ్ఞతలు.

ఆ పేజీ రాయడం ఆమెకి చేతకాక కాదు. ఇంట్లో ఇంకొకరు ముందే రాసిపెట్టేశారు. అదీ చిక్కు.

కాకినాడలో ఆడపిల్లల డిగ్రీ కాలేజీలో సూర్యకళ బోటనీ చెబుతుంది. పుప్పొడి అంటే ఆమెకి పిచ్చి. మామూలు కంటికి పసుపుపచ్చ దుమ్ములా కనిపించేది, మైక్రోస్కోపు కింద పెడితే ఒక్కో పువ్వుది ఒక్కో రూపం. మందారానిది ఒళ్ళంతా ముళ్ళున్న బంతి. కొబ్బరిది పొడుగ్గా, మధ్యలో ఒక్కటే చీలికతో ఉంటుంది. ఈ రూపాలకి శాస్త్రంలో పేర్లున్నాయి. రేణువు నిలువు కొలవాలి, అడ్డం కొలవాలి, నిలువుని అడ్డంతో భాగించాలి. వచ్చిన అంకెని బట్టి ప్రోలేట్ అనో, ఓబ్లేట్ అనో, స్ఫెరాయిడల్ అనో పేరు. ఆమె చదువుకున్న పాత తెలుగు పుస్తకంలో వీటిని దీర్ఘాక్ష గోళాభం, హ్రస్వాక్ష గోళాభం అన్నారు. పిల్లలు నోరు తిరిగేదాకా బట్టీపట్టి, పరీక్షలో దించి, మర్నాటికి మరిచిపోయేవారు. నాలుగేళ్ళ కిందట ప్రిస్కిల్లా అనే అమ్మాయి లేచి, "మేడం, ప్రోలేట్ అంటే నిజంగా దేనిలా ఉంటదండీ?" అని అడిగింది. సూర్యకళ నోట ఆలోచన లేకుండా, "నేరేడు పండులా" అని వచ్చేసింది. క్లాసు క్లాసంతా "ఓ" అంది. ఆ "ఓ" కోసమే ఈ పుస్తకం పుట్టింది. ఇందులో ప్రతి రూపానికీ అంకె ఉంది, ఇంగ్లీషు మాట ఉంది, పక్కన మనింటి మాట ఉంది. మరీ చదునైతే అరిసె వాటం, అంత కాకపోతే గుమ్మడికాయ వాటం, పైన కాస్త నొక్కినట్టుంటే ఉసిరి వాటం, నిలువూ అడ్డం సమానమైతే సున్నుండ వాటం, నిడుపైతే నేరేడు వాటం, బాగా సాగితే వడ్లగింజ వాటం.

నిజం చెప్పాలంటే వీటిలో సగం చిన్నమ్మాయిగారి మాటలే. కొత్తకాపురంలో మొదటిసారి అరిసెలు వత్తి, బాగున్నాయి కదా అని సూర్యకళ మురిసిపోతుంటే ఆవిడ అన్నారు కదా, "పైనుంచి చూసి మురవకు. పైనుంచి అరిసే గుండ్రమే, ఉండా గుండ్రమే. పక్కనుంచి చూడు, అప్పుడు తెలుస్తది దాని బతుకు." ఆడపడుచులు పగలబడి నవ్వారు. ఆ పూట సూర్యకళ పెరట్లోకి వెళ్ళి ఏడ్చింది. కానీ ఎన్నో ఏళ్ళ తర్వాత, రేణువుని పైనుంచి చూస్తే రూపం తేలదు, పక్కకి దొర్లించి చూడాలి అని పిల్లలకి చెప్పబోయి, అత్తగారి మాటే చెప్పింది. అదే పుస్తకంలో మొదటి పాఠం అయింది. తిట్టులో దొరికినా సరుకు సరుకే.

ఇక ఆ రాసిపెట్టిన పేజీ సంగతి. రాసింది ఆమె భర్త సత్యప్రసాద్. చెడ్డవాడని ఎవరూ అనలేరు. తాగుడు లేదు, తిరుగుడు లేదు, గట్టిగా అరవడు. ఒక్కటే అలవాటు, గోరంత చేసి కొండంత చెప్పుకోవడం. పెళ్ళి పందిళ్ళలో, రైల్లో ఎదురు సీటువాళ్ళతో, ఆఖరికి పళ్ళ డాక్టరు దగ్గర నోరు తెరుచుకుని కూర్చునే ముందు కూడా, "మా ఆవిడని నేనే చదివించానండీ" అంటాడు. ఆమె ఎమ్మెస్సీ పెళ్ళికి ముందే అయిపోయింది. పీహెచ్‌డీ ఫెలోషిప్పు మీద జరిగింది. పొద్దున నాలుగున్నరకి లేచి రెండు పూటల వంట చేసి, పిల్లల క్యారేజీలు కట్టి, అత్తగారి మందులు సీసా మూతల్లో వేసిపెట్టి, అప్పుడు ల్యాబుకి పరిగెత్తేది. అయినా ఆ మాట అన్నప్పుడల్లా ఆమె పక్కన నిలబడి నవ్వింది. ఆ నవ్వు కూడా ఇంటిపనుల్లో ఒకటి. ఎవరూ లెక్కలోకి తీసుకోరు గానీ, చేసి చేసి దవడలు నొప్పెడతాయి.

ఈ పొద్దున కాఫీ తాగుతూ ఆయన కాగితం అందించాడు. "నీకెందుకు శ్రమ అని నేనే రాసేశాను. ప్రెస్సుకి ఇదే పంపించెయ్యి." అందులో ఇలా ఉంది. నా భర్తగారి అనుమతి, త్యాగం, నిరంతర ప్రోత్సాహం లేనిదే ఈ గ్రంథం వెలుగు చూసేది కాదు. వారి పాదపద్మాలకు నా నమస్సుమాంజలి. కింద ఖాళీ వదిలి, ఇంకెవరైనా ఉంటే వేసుకో, అని బ్రాకెట్లో రాశాడు.

కోపం రావాలి. రాలేదు. ఆమెకి నిజంగానే కృతజ్ఞతగా ఉంది, అదే ఇబ్బంది. తన పేరుతో ఒక పుస్తకం వస్తోందంటే నాలుగు రోజులుగా ఎవరిని చూసినా చేతులు పట్టుకోవాలనిపిస్తోంది. ఇన్నాళ్ళూ ఇంట్లోనూ కాలేజీలోనూ ఆమె దగ్గర కృతజ్ఞత అడిగి తీసుకున్నవాళ్ళే. డిపార్ట్‌మెంటు హెడ్డు దొరబాబుగారు బయటినుంచి తనిఖీకి వచ్చినవాళ్ళకి ఆమె స్లైడ్లు ఒక్కొక్కటే చూపిస్తూ, "మా డిపార్ట్‌మెంటు కృషి అండి" అని చెప్పి, ఆమె వైపు తిరిగి, "మేడం, ఆ టీల సంగతి కాస్త చూడండి" అన్నారు. టీలు చూసింది. తర్వాత ఆయనకి థాంక్స్ కూడా చెప్పింది, ఎందుకో ఆమెకే తెలీదు. అడగనివాళ్ళకి మాత్రం ఎప్పుడూ చెప్పలేదు.

అడగనివాళ్ళంటే ముందు గుర్తొచ్చేది మరిడమ్మ. కోరంగి వైపునుంచి సత్తు బేసిన్లో చేపలు పెట్టుకుని షేర్ ఆటోలో వచ్చి వీధుల్లో అమ్ముతుంది. మడ అడవిలో మొగుడి పడవ తిరగని పాయ లేదు. ఒకనాడు బేరం మధ్యలో సూర్యకళ, మడచెట్ల పూలు కావాలి మరిడమ్మా, అంది. పూజకా అని అడిగింది. కాదు, చదువుకి అంటే, "చదువుకైతే తెస్తానండి, ఆయ్," అంది. తెల్లమడ పూసేది ఏడాదికొక్కసారి. ఆ ఏడు వేసవి చివర్లో, గుమ్మంలో దించిన బేసిన్లోంచి తామరాకు పొట్లం తీసి, వెలిగిపోతున్న మొహంతో ఇచ్చింది. "నీసు వాసనంటుకుందండి. మీరు చదూకునేయి గదాని బోరింగు కాడ మూడు నీళ్ళు పోసి సుబ్బరంగా కడిగి తెచ్చానండి, అమ్మగోరూ!"

సూర్యకళ గుమ్మంలోనే పొట్లం విప్పి చూసింది. పూలు తళతళలాడుతున్నాయి. ఒక్కదానిమీదా పుప్పొడి లేదు. చేపని కడిగినట్టు కడిగింది మహాతల్లి, ఏడాది కష్టం బోరింగు కాలవలో పోయింది. ఏమనగలదు? ఆ మొహం చూసి పొట్లం మూసి, లోపలికి తెచ్చి ఊరికే మళ్ళీ విప్పి చూస్తే, విచ్చిన పూల మధ్య విచ్చని మొగ్గలున్నాయి. మొగ్గ చీల్చింది. లోపల పుప్పొడి తిత్తులు చెక్కుచెదరకుండా ఉన్నాయి. పైగా పక్కచెట్లనుంచి గాలికొచ్చి అంటుకున్న పుప్పొడి అంతా ఆ మూడు నీళ్ళకే పోయింది. పుస్తకం మొత్తంలో అంత శుభ్రమైన స్లైడు ఇంకొకటి లేదు. ఇరవై ఏళ్ళు ల్యాబులో ఉండి తనకి తట్టని పని మరిడమ్మ పొరపాటున చేసి చూపించింది. ఆ తర్వాత ప్రతిసారీ మొగ్గలే తెమ్మంది, కడిగే తెమ్మంది.

సున్నుండల డబ్బా మూత పెట్టి, చేతులు కడుక్కుని, సూర్యకళ లాప్‌టాప్ ముందు కూర్చుంది. మూడున్నరైంది. భర్త లోపల పడుకున్నాడు. ఆయన కాగితం పక్కన పెట్టుకుని, ఉన్నదున్నట్టు కొట్టేద్దామని మొదలుపెట్టింది. గొడవ ఉండదు, ఇల్లు చల్లగా ఉంటుంది. అనుమతి అన్న మాట దగ్గర వేళ్ళు ఆగాయి. పిల్లలకి తను మొదటిరోజు చెప్పే సూత్రం ఒకటుంది. రేణువు చాలా అందంగా ఉంది, ఎంతో పెద్దది, అని రాస్తే సున్నా మార్కులు. నిలువెంత, అడ్డమెంత, పొడిగా ఉన్నప్పుడు చూశావా తడిలో చూశావా, అది రాయి, చాలు. చూడనిది రాయకు. అనుమతి ఎప్పుడు అడిగింది తను, ఎప్పుడిచ్చాడు ఆయన? ఎంత వెతికినా ఆ రోజు దొరకలేదు. త్యాగానికీ తారీఖు దొరకలేదు. దొరకనిది దొరికినట్టు తన పుస్తకంలో తనే ఎలా అచ్చేసుకుంటుంది? కొట్టింది చెరిపేసి, సూత్రం ప్రకారం మొదటినుంచి రాయడం మొదలుపెట్టింది.

మరిడమ్మగారు మడ అడవినుంచి నాలుగేళ్ళలో పద్నాలుగుసార్లు పూలు తెచ్చారు. ఈ పుస్తకంలో తొమ్మిది బొమ్మలు ఆ పూలవి. మొగ్గలు కడిగే పద్ధతి ఆమెది. మా అత్తగారు చిన్నమ్మాయిగారు అరిసె, ఉసిరి, సున్నుండ అన్న మూడు మాటలూ, మొదటి పాఠంలోని మొదటి వాక్యమూ ఇచ్చారు. ప్రిస్కిల్లా ఒక ప్రశ్న అడిగింది. దొరబాబుగారు రెండేళ్ళపాటు శనివారాలు ల్యాబు తాళం ఇచ్చారు. నా భర్త సత్యప్రసాద్‌గారు మైక్రోస్కోపు బల్బు మాడిపోయినప్పుడు విశాఖపట్నంలో నాలుగు షాపులు తిరిగి తెచ్చారు. ఒకసారి బండిమీద కోరంగి తీసుకెళ్ళి, నేను పూలు ఏరుకునేదాకా రెండు గంటలు ఎండలో నిలబడ్డారు. వీరందరికీ కృతజ్ఞతలు.

ఆ రెండు గంటలు రాసేటప్పుడు ఆమెకి కళ్ళు చెమర్చాయి. విసుక్కోకుండా నిలబడ్డాడు ఆ రోజు, నెత్తిన చేతిరుమాలు వేసుకుని. పాదపద్మాలు రాసుంటే ఆ చేతిరుమాలు గుర్తొచ్చేదే కాదు.

అత్తగారికి చదివి వినిపించింది. "నా పేరా? పుస్తకంలోనా? మళ్ళీ చదువు." మళ్ళీ చదివింది. "దాని బతుకు తెలుస్తది అన్నాను కదే, అదీ వేశావా?"

"వేశానండి, అత్తయ్యగారూ. మొదటి పేజీలోనే."

"ఎవరైనా తీసెయ్యమంటారేమో, తీయకు," అన్నారావిడ. చీరచెంగు సర్దుకున్నారు, ఎవరో ఫోటో తీయడానికి వస్తున్నట్టు.

సత్యప్రసాద్ నిద్రలేచి, కళ్ళజోడు తుడుచుకుంటూ వచ్చి, ఆమె భుజం మీదుగా తెరమీద చదివాడు. ఒకసారి చదివాడు. పైకి జరిపి రెండోసారి చదివాడు. మొహంలో కోపం కన్నా ఆశ్చర్యమే ఎక్కువగా ఉంది.

"ఇంతేనా?"

"కొలిచే రాశానండి."

"అది కాదు కళా, ఇరవై నాలుగేళ్ళు... ఒక బల్బూ, ఒక బండీనా? చదివినవాళ్ళు ఏమనుకుంటారు?"

ఆమె కుర్చీ వెనక్కి తిప్పి ఆయన వైపు చూసింది. గొంతులో ఎత్తిపొడుపు లేదు. "నేను మర్చిపోయి ఉండొచ్చు. చెప్పండి, వేస్తాను. ఎప్పుడు, ఏం చేశారో చెబితే చాలు."

ఆయన తల్లి వైపు చూశాడు. ఆవిడ కూడా వినడానికి కాస్త ముందుకి వంగారు. "అంటే... నేనెప్పుడూ వద్దనలేదు కదా," అన్నాడు.

"నిజమేనండి," అంది సూర్యకళ. "వద్దనలేదు. ఇంకా?"

ఫ్యాను తిరుగుతోంది. ఆయన సోఫా చివర కూర్చుని, గడ్డం కింద చెయ్యి పెట్టుకుని, నిజంగానే ఆలోచించడం మొదలుపెట్టాడు. ఆమె ఓపిగ్గా చూసింది. పది నిమిషాలు చూసింది. ఐదు కావస్తుండగా ప్రెస్సునుంచి ఫోన్ మోగింది. పంపుతున్నానండీ అని చెప్పి, మీట నొక్కింది. పేజీ వెళ్ళిపోయింది. ఆయన తలెత్తాడు.

"కంగారు లేదండి," అంది ఆమె, ఎంతో ప్రేమగా. "గుర్తొచ్చినప్పుడు చెప్పండి, రెండో ముద్రణలో వేస్తాను."