పర్సోం అంటే మొన్న

ఒక్క ఫోన్ చేస్తే ఒక మనిషి ఉద్యోగం పోతుందని తెలిసి కూడా మొన్న నేను ఆ ఫోన్ చేశాను. తెలియక చేశానని చెప్పుకుంటే హాయిగానే ఉండేది. కానీ ఆ సంగతి ఆ డ్రైవరే పొద్దున్న మేం బండి ఎక్కగానే చెప్పాడు.

"మేడం, సార్, ఏమన్నా తక్కువైతే నాకే చెప్పండి, ఆఫీసుకు చెప్పొద్దండి. నా మీద ఇప్పటికే రెండు కంప్లయింట్లు ఉండాయి. మూడోది వస్తే వీసా క్యాన్సిల్ చేసి ఇంటికి పంపిస్తామన్నారు."

నవ్వుతూనే చెప్పాడు. ఒకటి ఏసీ పాడైనందుకట, రెండోది వానకి వాదీలో, అంటే ఎండు వాగులో, నీళ్ళొచ్చి దారి ఆగిపోతే ఆలస్యమైనందుకట. మా ఆయన అయ్యో పాపం అన్నారు. నాకు మాత్రం గుమ్మడికాయల దొంగ ఎవరంటే భుజాలు తడుముకున్నట్టు అనిపించింది. ఏ తప్పూ చేయనివాడు ముందే ఎందుకు బతిమాలుకుంటాడు?

నా సంగతి కాస్త చెప్పాలి. నా పేరు దమయంతి. గుంటూరు జిల్లాలో ఇరవై రెండేళ్ళు హిందీ పండిట్‌గా పనిచేశాను. హిందీ ప్రచార సభవాళ్ళ ప్రవీణ పరీక్ష ఫస్టు క్లాసులో పాసయ్యాను. మా ఆయన జనార్దనరావు గారికి మస్కట్‌లో ఇంజనీరు ఉద్యోగం. ఆయన కోసం సర్వీసు ఉండగానే మానేసి వచ్చి ఖురంలో కాపురం పెట్టాను. పిల్లల నోట్సులో తప్పులు వెతికీ వెతికీ నా కళ్ళు అలా తయారయ్యాయి. నాకు అనుమానం రాని రోజున పొద్దు గుంకదని ఆయన వేళాకోళం. అనుమానం వల్లే ఇన్నాళ్ళూ ఎక్కడా మోసపోలేదని నా సమాధానం.

ఆ శుక్రవారం మేం వెళ్ళింది సముద్రం వెంట సూర్ దాకా ఒక రోజు యాత్ర. బండీ, భోజనం, చూపించే మనిషీ అన్నీ కంపెనీవే. చూపించే మనిషీ డ్రైవరూ ఒక్కడే, ఖమరుద్దీన్, కడప మనిషి, నలభై ఉంటాయేమో. తెలుగువాడు దొరికాడని మా ఆయన సంబరపడ్డారు. ఆయనకి తెలుగు మాట వినపడితే చాలు, అవతలివాడు ఎవడైనా సరే.

నా అనుమానానికి మొదటి కారణం ముందు సీట్లో ఉంది. మేం ఎక్కేటప్పటికే ఒకావిడ బురఖా వేసుకుని అక్కడ కూర్చుని ఉంది. ముఖం కనపడుతూనే ఉంది, యాభైకి దగ్గర. ఒళ్ళో ఒక గుడ్డ సంచి. తమ ఆఫీసు మేడమనీ, సూర్‌లో డ్యూటీ ఉందనీ, అక్కడ దింపుతాననీ చెప్పాడు ఖమరుద్దీన్. ఆఫీసు మేడం మడమలు పగిలి ఉన్నాయి. చేతిలో ఫోన్ లేదు. కిటికీకి ముఖం ఆనించి, జన్మలో సముద్రం చూడనట్టు చూస్తోంది. కొంతదూరం పోయాక మంచినీళ్ళ సీసా అతనికి అందిస్తూ "ఖమ్రూ" అంది. ఏ ఆఫీసు మేడం డ్రైవర్ని ముద్దుపేరుతో పిలుస్తుంది? మా ఆయన్ని మోచేత్తో పొడిచాను. ఆయన అప్పటికే కునుకు తీస్తున్నారు.

కురియాత్ దగ్గర టీ తాగడానికి ఆపాడు. ఆవిడ బాత్రూముకి వెళ్తూ సంచి సీటు మీద పెట్టింది. తలుపు వేసిన అదురుకి అది కిందికి జారింది. తీసి పెడదామని పట్టుకుంటే నా చెయ్యి కిందికి లాగింది, అంత బరువు. లోపల ప్లాస్టిక్ కవరు, దానికి రెండు ముళ్ళు. కవరు నిండా ఎర్రటి పొడి. నేను సరిగా చూసే లోపే ఆవిడ వచ్చి, సంచి నా చేతిలోంచి తీసుకుని గుండెకి హత్తుకుంది.

ఈ దేశాల్లో ఎవరిదో పొట్లం ఎవరి బండిలోనో దొరికితే బండిలో ఉన్న అందరి బతుకూ ఏమవుతుందో వాట్సాప్ నిండా వస్తూనే ఉంటుంది. దారిలో పోలీసులు ఆపితే? మా ఆయనకి చెవిలో చెప్పాను. కారమో, సున్నిపిండో అయ్యుంటుందిలే అన్నారు. సున్నిపిండి ఒళ్ళో పెట్టుకుని ఎవరైనా సముద్రం చూడటానికి బయల్దేరతారా అని అడిగితే, నువ్వు పట్టిన కుందేలుకు మూడే కాళ్ళు అని టీ తాగడానికి వెళ్ళిపోయారు.

అక్కణ్ణుంచి దారి బాగుంటుందని అందరూ అంటారు. ఒక పక్క చెట్టన్నది లేని గోధుమరంగు కొండలు, ఇంకో పక్క నీలం నీళ్ళు, మధ్యలో చిల్లపెంకుల్లా కోసుకుపోయే రాళ్ళు. ఖమరుద్దీన్ అన్నీ చూపిస్తూనే ఉన్నాడు. కానీ మాట మధ్యలో గడియారం చూసుకుంటున్నాడు. దారిలో వచ్చే ఫిన్స్ బీచి దగ్గర ఎంతసేపు ఆగుతామని మా ఆయన అడిగితే, "ఆడ కొంచెం ఎక్కువసేపే ఆగుదాం సార్" అన్నాడు. ఎందుకని నేనడిగితే మళ్ళీ గడియారం చూసుకున్నాడు.

బిమ్మా దగ్గర నేల కుంగి ఏర్పడిన పెద్ద గుంట ఉంది, లోపల ఆకుపచ్చ నీళ్ళు. మెట్లు దిగి వెళ్ళాలి. నా మోకాళ్ళ సంగతి తెలిసి మా ఆయన ఒక్కరే దిగారు. నేను గోడ నీడన నిలబడ్డాను. గోడకి అవతల ఖమరుద్దీన్ ఫోన్‌లో మాట్లాడుతున్నాడు. నేనున్నానని అతనికి తెలియదు. వాళ్ళ భాషలో, అంటే వాళ్ళ ఉర్దూలో అన్నాడు.

"పర్సోం ఇధరిచ్ ఛోడ్‌కో గయా థా మై. ఆకో దేఖా తో కోయీ నై. ఆజ్ ఇనోకు లేకో ఆయా. కంపెనీమే కిసీకు నక్కో బోలో."

నేను ప్రవీణ ఫస్టు క్లాసు. ప్రతి మాటా అర్థమైంది. మొన్న ఈ పక్కనే ఎవరినో వదిలేసి వెళ్ళాడు. తిరిగొచ్చి చూస్తే ఎవరూ లేరు. ఇవాళ ఈవిణ్ణి తీసుకొచ్చాడు. కంపెనీలో ఎవరికీ చెప్పొద్దంటున్నాడు. మొన్న అంటే బుధవారం. బుధవారం నుంచి ఇక్కడ ఒక మనిషి కనపడకుండా పోతే, శుక్రవారం ఇంకో మనిషి ముందు సీట్లో కూర్చుని ఉంది.

మా ఆయన పైకి వచ్చేదాకా ఆగి ఉండాల్సింది. ఆగలేదు. యాత్ర వివరాలున్న కార్డు మీద మేనేజరు నంబరుంది. సమీయుల్లా అని, మస్కట్‌లోనే రూవి ఆఫీసులో ఉంటాడు, హైదరాబాదు మనిషి. మూడో కంప్లయింటు అని నాకు గుర్తుంది. గుర్తుండే నొక్కాను. తప్పు చేసినవాడు ఇంటికి పోతే పోనీ అనుకున్నాను.

మంచి హిందీలో, ఒక్క తప్పు లేకుండా చెప్పాను. బండిలో ఎవరో తెలియని ఆడమనిషి ఉందనీ, ఆమె దగ్గర పొడి పొట్లం ఉందనీ, రెండు రోజుల క్రితం ఇతను ఇక్కడ ఎవరినో వదిలేశాడనీ, ఆ మనిషి ఇప్పుడు లేదనీ. "దో దిన్ పహలే" అన్నాను. పర్సోం అన్న మాటని ఉన్నదున్నట్టు చెప్పి ఉంటే ఆ హైదరాబాదు మనిషి అక్కడే ఆగేవాడు. అనువాదం చేసి చెప్పాను. ఇరవై రెండేళ్ళ అలవాటు మరి.

సమీయుల్లా ఎక్కువ ప్రశ్నలు వేయలేదు. టూరు బండిలో బయటి మనిషిని ఎక్కించడమే పెద్ద తప్పన్నాడు. మమ్మల్ని వెంటనే వెనక్కి తీసుకురమ్మంటానన్నాడు. ఆ డ్రైవరు ఇంకెప్పుడూ మా కంట పడడని కూడా అన్నాడు.

ఐదు నిమిషాల్లో ఖమరుద్దీన్ ఫోన్ మోగింది. అతను విన్నాడు, రెండుసార్లు "జీ భాయ్" అన్నాడు, ఫోన్ జేబులో పెట్టుకున్నాడు. తర్వాత నేరుగా నా దగ్గరికే వచ్చాడు. కోపంగా వస్తాడనుకుని గోడకి ఒదిగి నిలబడ్డాను. కోపం లేదు, మనిషి మొహంలో నెత్తురు లేదంతే.

"మీరు ఫోన్ చేసినారా మేడం?"

చేశానన్నాను. మొన్న ఇక్కడ ఎవరిని వదిలేశావని గట్టిగానే అడిగాను.

"మొన్న నేను యాడ వస్తి మేడం? మొన్న బురైమి డ్యూటీలో ఉంటి."

పర్సోం అన్నావు, నా చెవులతో విన్నాను అన్నాను. అతను ఏదో అర్థమైనట్టు తలూపాడు.

"అదా. మేం అట్లే అంటాం మేడం. అయిపోయిందంతా పర్సోమే. తొమ్మిదేండ్లాయె."

తొమ్మిదేళ్ళ కిందట అతని బావ జావెద్ ఇక్కడ తాపీపని చేసేవాడు. శుక్రవారం సెలవు రోజున బావా బామ్మర్దీ ఇద్దరూ ఫిన్స్ అవతల రాళ్ళ మీద చేపలు పడుతున్నారు. టీ ఫ్లాస్కు తెద్దామని బావని అక్కడే వదిలి ఖమరుద్దీన్ బండి దగ్గరికి వెళ్ళాడు. తిరిగొచ్చేసరికి రాయి తడిగా ఉంది, మనిషి లేడు. అల తీసుకుపోయింది. వెతికారు, దొరకలేదు. ముందు సీట్లో ఉన్నది జావెద్ భార్య, ఇతని సొంత అక్క జాహిదా. ఇన్నేళ్ళకి పది రోజుల విజిట్ వీసా మీద వచ్చింది. మర్నాడే ప్రయాణం. ఇతనికి పది రోజులూ డ్యూటీయే, సొంత బండి లేదు. ఫిన్స్ మీదుగా పోయే టూరు దొరికింది ఈ ఒక్కరోజే. అక్క అని చెబితే ఒప్పుకోరని ఆఫీసు మేడం అన్నాడు. ఫోన్‌లో అవతలున్నది కడపలో అతని భార్య.

మరి ఆ పొడి ఏమిటని అడిగాను. అడక్కుండా ఉండలేకపోయాను.

"మన్ను మేడం. మాలో మనిషిని పూడ్చేటప్పుడు తలా మూడు పిడికిళ్ళ మన్ను ఏస్తారు. మా బావకు ఎవురూ ఏయలే. వాళ్ళ అమ్మానాయనా గోరీల కాడి మన్ను తెచ్చింది. మతంలో ఉందో లేదో నాకు తెలీదు. నేనేం చెప్పల్ల ఆమెకు?"

నాకు భూమిలోకి కుంగిపోవాలనిపించింది. గుంట పక్కనే ఉంది. వెంటనే సమీయుల్లాకి మళ్ళీ ఫోన్ చేశాను. నేనే పొరబడ్డానని, ఆమె మా మనిషేనని, నేనే వెంట తీసుకొచ్చానని చెప్పాను. మేరీ బహన్ హై అన్నాను. జన్మలో అంత పెద్ద అబద్ధం ఆడలేదు. అతను గొంతు తగ్గించి అడిగాడు, ఇందాక ఎవరో తెలియదన్నారు, ఇప్పుడు చెల్లెలంటున్నారు, ఆ డ్రైవరు పక్కనే నిలబడి బెదిరిస్తున్నాడా, అయితే హాఁ అని ఒక్క మాటనండి చాలు అని. కాదు కాదన్నకొద్దీ అతనికి అనుమానం బలపడింది. ఆ గొంతు నాకు బాగా తెలుసు. పొద్దుటి నుంచీ నా లోపల మాట్లాడుతున్నది అదే.

మా ఆయన మెట్లెక్కి రొప్పుతూ వచ్చారు. జరిగింది చెప్పాను. ఆయన ఖమరుద్దీన్ వైపు తిరిగి, వెనక్కి వెళ్ళాలా అని అడిగారు.

"పోయేది ఎట్లాగూ పోయింది సార్. ఇంక పది నిమిషాలే. చూపించుకోని పోదాం," అన్నాడు అతను. బండి ముందుకే తీశాడు. జేబులో ఫోన్ మోగుతూనే ఉంది.

ఫిన్స్ దాటాక రోడ్డు దిగి రాళ్ళ దాకా నడిచాం. నా మోకాళ్ళ సంగతి నాకే గుర్తు రాలేదు. ఖమరుద్దీన్ ఒక రాయి చూపించి దూరంగా నిలబడిపోయాడు. జాహిదా కవరు ముళ్ళు విప్పి, పెదాల్లో ఏదో చదువుకుంటూ మూడుసార్లు మన్ను వేసింది. సగం గాలికి మళ్ళీ మా మీదికే వచ్చింది. ఆమె ఏడవలేదు. నేనే ఏడ్చాను.

తర్వాత ఆమె కవరు నా వైపు చాపింది.

"ఇంత దూరం మాకు తోడొచ్చినారు. మీరూ ఏయండక్కా."

నేను ఖమరుద్దీన్ వంక చూశాను. అతను ముఖం సముద్రం వైపు తిప్పుకున్నాడు. ఫోన్ ఎవరు చేశారో ఆమెకి చెప్పలేదు. నేనూ చెప్పలేదు. చెప్పాలనే నోరు తెరిచాను, ధైర్యం చాలలేదు. కవర్లో చెయ్యి పెట్టి మూడు పిడికిళ్ళు తీసి వేశాను.

ఆమె అరచేతులు దులుపుకోకుండా అలాగే నిలబడి అంది.

"మొన్న ఫోన్ చేసి చేపలకు పోతాండా అన్న్యాడక్కా. జాగ్రత్త అనేలోపల కట్టయిపాయ."

మొన్న అనే అంది, తెలుగులోనే. మా అమ్మ కూడా పన్నెండేళ్ళ తర్వాత అలాగే అనేది, మొన్న మీ నాన్న పోయినప్పుడు అని. చిన్నప్పటి నుంచీ వింటున్న మాట. ఆ గోడ పక్కన నాకెందుకు తట్టలేదో తెలియదు.

ఆ నెలాఖరుకి ఖమరుద్దీన్‌ని పంపించేశారు. మేమిద్దరం రూవి ఆఫీసుకి రెండుసార్లు వెళ్ళాం. హిందీలో ఉత్తరం రాసిచ్చాను. సమీయుల్లా మర్యాదగా టీ ఇప్పించి, అయిపోయిన సంగతి అన్నాడు. మూడు కంప్లయింట్లూ ఫైల్లో ఉన్నాయట, మూడోది అన్నిటికంటే పెద్దదట.

నిన్న పై ఫ్లాటులోకి కొత్తగా వచ్చిన శ్రీలత గారు ఇంటికొచ్చి, సూర్ దాకా తిప్పి చూపించే తెలుగు మనిషి ఎవరైనా ఉన్నారా అని అడిగారు. ఉండేవాడు, చాలా మంచివాడు, మొన్ననే ఊరెళ్ళిపోయాడు అన్నాను.

ఆవిడ వెళ్ళాక మా ఆయన పేపరు దించి, "మొన్నేమిటి దమయంతీ, నాలుగేళ్ళవుతోంది," అన్నారు.

నేను దిద్దుకోలేదు.